రెండు అరల పెట్టె

లోపలి నుంచి తెరుచుకోని దాన్ని తలుపు అనకూడదు, గోడ అనాలి. పొద్దున్నుంచి ఆ ముక్క ముగ్గురితో అన్నాను. ముగ్గురూ తలలు ఊపారు. ఆ గోడ ఎవరు పెట్టించారో చెప్పడానికి మాత్రం ఒక్కరికీ నోరు రాలేదు.

నిన్న మధ్యాహ్నం ఈ టీకామందుల గోదాములో ముసలి స్టోర్ కీపరు మూడో నంబరు చలిగదిలోకి వెళ్లాడు. లోపల మైనస్ ఇరవై డిగ్రీలు. తలుపు పక్కన పచ్చ బటన్ ఉంటుంది, నొక్కితే తలుపు తెరుచుకోవాలి. ఆ బటన్‌కి వైరు లేదు, వైఫై మీద పనిచేస్తుంది. సరిగ్గా ఆ వేళకే గదిలోని వైఫై పెట్టె చచ్చిపోయింది. వాళ్ల భాషలో దాన్ని యాక్సెస్ పాయింట్ అంటారు. తెల్లగా, పళ్లెమంత ఉంటుంది, కప్పుకి బిగిస్తారు. సాయంత్రం ఎవరికో ఆయన గుర్తొచ్చి బయటి తాళం తీసి చూస్తే, తలుపుకి వీపు ఆనించి కూర్చుని ఉన్నాడు. అప్పటికే అంతా అయిపోయింది.

ఆ పెట్టెలన్నీ చూసుకునేది ఒక అమ్మాయి. అందరూ వైఫై అమ్మాయి అంటారు. పెట్టెలో తప్పు ఫైలు ఎక్కించి మనిషి ప్రాణం తీసిందని ఆ అమ్మాయి మీద కేసు. పన్నెండింటికి కోర్టుకి తీసుకెళ్తారు. ఇంట్లో ఏడు నెలల పిల్లాడు, ఇంకా పాలు మానలేదు.

ఊళ్లో ఎవరికి చిక్కొచ్చినా నన్నే పిలుస్తారు, ఈసారి పిలిచింది ఆ అమ్మాయి అత్తగారు. "నా కోడల్ని నేను రోజూ తిడతానమ్మా, దాచేదేముంది. కానీ అది బియ్యంలో రాయి ఉందేమోనని మూడుసార్లు ఏరే మనిషి. తప్పు ఫైలు ఎక్కించడం దానివల్ల కాదు," అంది. చంకలో మనవడు గుక్కపట్టి ఏడుస్తున్నాడు. మొన్న తొడకి సూది వేయించిన చోట చిన్న గడ్డ కట్టి నొప్పెడుతోందట. ఇంట్లో కూర్చోమంటే వినకుండా పిల్లాణ్ణి వేసుకుని గోదాముకే వచ్చేసింది. ఇక్కడి నుంచి కదిలితే కోడల్ని మళ్లీ చూడనేమోనని ఆవిడ భయం.

సర్వర్ గదిలో కూర్చోబెట్టారు ఆ అమ్మాయిని. కిటికీ లేదు. నాలుగు బీరువాల నిండా మిషన్లు, ఒక బల్ల, రెండు కుర్చీలు. గుమ్మానికి అడ్డంగా ఒక ఆడ కానిస్టేబులు. ఫ్యాన్ల హోరుకి మనం అనుకున్నది మనకే వినపడదు.

"అమ్మాయ్, నాకు ఈ వ్యవహారం ఓనమాలు కూడా రావు," అన్నాను. "చిన్నపిల్లకి చెప్పినట్టు చెప్పు. ఇమేజ్ ఫైలు అంటే ఏంటి? ఏదో ఫోటో అని మీ ఇన్‌స్పెక్టరు అనుకుంటున్నాడు. నేనూ అలాగే అనుకున్నాను."

ఏడ్చి ఏడ్చి ఉబ్బిన కళ్లతోనే చిన్నగా నవ్వింది. పని మాట ఎత్తేసరికి గొంతు నిలబడింది.

"పెట్టె నడవడానికి కావలసిన తెలివంతా ఒక్క ఫైల్లో కట్టి ఇస్తారు మేడమ్. అదే ఇమేజ్. కొత్త తెలివి ఎక్కించాలంటే కొత్త ఇమేజ్ పంపాలి. ఫైలు పేరులోనే అన్నీ ఉంటాయి. మొదట ఏ మోడల్ పెట్టె కోసమో ఉంటుంది. తర్వాత ఒంటరిగా పనిచేసే పెట్టెకా, కంట్రోలర్ కింద పనిచేసే పెట్టెకా అన్నది. ఆఖర్న ఎన్నో విడత."

"కంట్రోలర్ అంటే?"

"ఇదిగో, ఈ మిషను. గోదాములో పెట్టెలన్నీ దీని మాట వింటాయి."

"మరి ఒక పెట్టె ఫైలు ఇంకో పెట్టెకి పంపితే?"

"తీసుకోదు. ఫైలు మొదట్లోనే అది ఎవరికోసమో రాసి ఉంటుంది. తనది కాదని తెలిస్తే పెట్టే వద్దంటుంది. అలా పంపితే ఏ నష్టమూ జరగదు."

బల్ల మీద తెల్లటి పళ్లెం ఒకటుంది. నిన్న చచ్చిపోయిన పెట్టె అదే. మూడో గదిలోంచి ఊడదీసి, ముందే ఇమేజ్ ఎక్కి ఉన్న అదే మోడల్ ఇంకోటి ఈ పొద్దున పోలీసుల ముందే ఈ అమ్మాయే బిగించింది. లేకపోతే ఎవరూ ఆ గదిలో అడుగు పెట్టలేరు.

"దీనికేమైందో చూపించు," అన్నాను.

కానిస్టేబులు వైపు చూసింది. ఆవిడ పోనీ అన్నట్టు మొహం తిప్పుకుంది. అమ్మాయి ఒక నీలం వైరు తీసి ఒక కొన పెట్టెకి, ఇంకో కొన కంప్యూటరుకి గుచ్చింది. తెర మీద తెల్లటి అక్షరాలు గబగబా దిగాయి.

"పెట్టెలో రెండు అరలుంటాయి మేడమ్. ఒక అరలో ఇప్పుడు నడుస్తున్న ఇమేజ్. రెండో అర ఖాళీగా గానీ, పాతదానితో గానీ ఉంటుంది. కొత్తది వచ్చినప్పుడు నడుస్తున్నదాని జోలికి పోదు, రెండో అరలోకే వెళ్తుంది. తర్వాత పెట్టె ఆగి, కొత్తదానితో లేస్తుంది. కొత్తది పనిచేయకపోతే తనంతట తానే వెనక్కి వెళ్లి మొదటి అరతో లేస్తుంది. మధ్యలో కరెంటు పోయినా అంతే, పాతదే కాపాడుతుంది. కప్పు మీద దీనికి కరెంటూ, ఫైలూ రెండూ ఒకే వైరులోంచి వస్తాయి."

"మరి ఇదెందుకు వెనక్కి వెళ్లలేదు?"

ఆ అమ్మాయి వేలు తెర మీద రెండు చోట్ల ఆనించింది. "రెండు అరల్లోనూ ఒకే ఫైలుంది. అదీ పెద్దది కాదు, చిన్న ఇమేజ్. ఈ మోడల్‌దే కాబట్టి పెట్టె కాదనలేదు. కానీ దానికి ఒక్కటే పని తెలుసు. నిద్ర లేచి, కంట్రోలర్‌ని వెతికి, పెద్ద ఇమేజ్ ఇమ్మని అడగడం. అది వచ్చేదాకా వైఫై ఇవ్వదు. ఈ మోడల్ మూడో గదిలో తప్ప ఎక్కడా లేదు. చలికి తట్టుకునేది ఇదొక్కటే. దీని పెద్ద ఇమేజ్‌ని నిన్న కంట్రోలర్‌లోంచి ఎవరో తీసేశారు."

అంటే ఆ పెట్టె నిన్న మధ్యాహ్నమంతా లేచి, అడిగి, జవాబు రాక, మళ్లీ పడుకుని, మళ్లీ లేచింది. దాని కింద ముసలాయన బటన్ నొక్కుతూ కూర్చున్నాడు.

"చిన్నదాన్ని పెద్దదనుకుని పొరపాటున పంపే వీలుందా?"

"ఒకసారి ఉంది. రెండు పేర్లూ దగ్గర దగ్గరగానే ఉంటాయి. కానీ రెండో అరలోకి కూడా వెళ్లాలంటే పెట్టె ఒకసారి ఆగి లేవాలి. దానికి ఐదారు నిమిషాలు పడుతుంది. అప్పుడు మళ్లీ పంపాలి."

పొరపాటు ఎక్కడా ఐదు నిమిషాలు ఆగి మళ్లీ జరగదు. నాకు ప్రాణం లేచొచ్చింది.

"పంపేటప్పుడు పెట్టె మీది దీపం ఎలా ఉంటుంది?"

"మామూలుగా పచ్చగా నిలకడగా ఉంటుంది. కొత్త ఫైలు తీసుకుంటున్నప్పుడు నీలం దీపం మినుకుమంటుంది. అప్పుడు ఇంకే పనీ చేయదు, బటన్ కూడా పలకదు. ఆగి లేచేటప్పుడు ఎరుపు. ఆ పెట్టె మీద నడిచేవి రెండే మేడమ్, తలుపు బటనూ, గది థర్మామీటరూ."

"నీ పాస్‌వర్డ్ ఇంకెవరికి తెలుసు?"

తల దించుకుంది. "పురిటికి వెళ్లినప్పుడు ఆఫీసులో ఇచ్చి వెళ్లాను. తిరిగొచ్చాక మార్చలేదు. పిల్లాడితో రాత్రి నిద్ర ఉండదు, పొద్దున్న బుర్ర పనిచేయదు. రేపు మారుద్దాం, రేపు మారుద్దాం అనుకుంటూనే ఉన్నాను."

తిట్టాలని నోటిదాకా వచ్చింది. ఏడు నెలల పిల్లాడి తల్లిని ఆ మాట అనేంత కసాయిదాన్ని కాదు, మింగేశాను.

అప్పుడే గుమ్మంలో బూట్లు చప్పుడయ్యాయి. తట్టడం, అడగడం అలవాటు లేని బూట్లు.

ఇన్‌స్పెక్టరు మా మేనమామ కొడుకు. ఒకప్పుడు నన్ను ఇతనికే ఇవ్వాలనుకున్నారు. నేను వద్దన్నాను. అతను వేరే పెళ్లి చేసుకున్నాడు, ఇద్దరు పిల్లల్ని కన్నాడు, నా మీద కోపం మాత్రం మూడో సంతానంలా పెంచుకుంటున్నాడు. నేను ఏ కేసులో వేలు పెడితే ఆ కేసు అతనికే రావడం నా ఖర్మ.

"ఎవరిచ్చారు నీకు పర్మిషన్?" అన్నాడు.

"వాళ్ల అత్తగారు ఇచ్చింది బావా."

పక్కన కానిస్టేబులు పెదాలు బిగించుకుంది. బావా అంటే అతనికి ఒళ్లు మండుతుంది. అందుకే అంటాను.

"ఇక్కడ బావ ఎవరూ లేరు. ఇన్‌స్పెక్టర్ అను. చెప్పు, ఏం కనిపెట్టావు?"

ఎక్కడలేని హుషారు వచ్చేసింది నాకు. రెండు అరల సంగతి, చిన్న ఇమేజ్ సంగతి, మధ్యలో ఆగాల్సిన ఐదు నిమిషాల సంగతి, పూసగుచ్చినట్టు చెప్పాను. "కాబట్టి ఇది నిర్లక్ష్యం కాదు. ఎవరో కావాలని రెండుసార్లు చేశారు," అని ముగించాను.

బావ చేతులు కట్టుకుని మొత్తం విన్నాడు. అతను మధ్యలో అడ్డు తగలకుండా వింటున్నప్పుడే నాకు అనుమానం రావాల్సింది.

"బాగుంది," అన్నాడు. "ఆ రెండుసార్లూ ఎవరి పేరుతో జరిగాయి?"

నేను అమ్మాయి వైపు చూశాను.

"ఈ అమ్మాయి పేరుతో. నేను పొరపాటు అనుకున్నాను. పొరపాటైతే బెయిల్ దొరికేది. కావాలని చేసిందని నువ్వే తేల్చావు. థాంక్స్ మహాతల్లీ, ఇప్పుడిది హత్య కేసు."

ఆ అమ్మాయి కుర్చీ చెయ్యి పట్టుకుంది. నా వైపు చూసిన ఆ చూపుకి నేలలోకి దిగిపోవాలనిపించింది. కాపాడమని పిలిపిస్తే, నా నోటితో నేనే ఉచ్చు బిగించాను.

"బావా, ఆగు. ఆ ముసలాయన్ని చంపితే ఈ పిల్లకేంటి లాభం?"

"అది కోర్టులో చూసుకుంటారు." కానిస్టేబులుకి సైగ చేశాడు. "పెరటి గుమ్మం నుంచి జీపులోకి ఎక్కించు. ముందు నుంచి వద్దు, జనం మూగుతారు. ఫోన్ తీసుకో." కానిస్టేబులు ఇచ్చిన ఫోన్ తన చొక్కా జేబులో వేసుకున్నాడు.

"ఆ గది ఒక్కసారి చూడనివ్వు," అన్నాను. "పన్నెండుకి ఇంకా టైముంది. చూసి ఏమీ లేదంటే, ఇక నీ కేసుల్లోకి రాను."

ఆ మాటకి అతని మొహం వెలిగింది. "నిజంగా?"

"నిజంగా."

"పద. నేనూ వస్తాను. లేకపోతే అక్కడింకో కథ అల్లుతావు."

మూడో గది నడవా చివర ఉంది. తలుపుకి ఎదురుగా బెంచీ మీద అత్తగారు మనవణ్ణి ఒళ్లో పడుకోబెట్టుకుని కూర్చుంది. కోడల్ని పెరటి దారిన తీసుకెళ్లారని ఆవిడకి ఇంకా తెలియదు. చెప్పే ధైర్యం నాకు లేక కళ్లు తప్పించాను.

మేనేజరు తాళాలగుత్తితో వచ్చాడు. నలగని చొక్కా, మెత్తటి మాట. చంకలో పలకలాంటి టాబ్లెట్ కంప్యూటరు లేకుండా ఆయన్ని పొద్దున్నుంచీ చూడలేదు.

"లోపల మామూలు పిడి ఒకటి ఉండేదట, ఎందుకు తీయించారు?" అని అడిగాను.

"సరుకు పోతోందని పై ఆఫీసు ఆర్డరండి. ఎవరు ఎప్పుడు తెరిచారో తెలియాలని బటన్ పెట్టించారు."

"సరుకు పోకుండా మనిషిని పోగొట్టుకున్నారు."

ఆయన బాధగా తలూపాడు. బావ నా మోచెయ్యి పొడిచాడు.

తలుపు పక్కన కోట్లు తగిలించే కొక్కేలు ఖాళీగా ఉన్నాయి. ఉతకడానికి వెళ్లాయట, తెప్పిస్తానన్నాడు మేనేజరు. రెండు నిమిషాల పనికి కోటెందుకని బావ ఛాతీ విరుచుకుని ముందు నడిచాడు. నేనూ కొంగు భుజాల చుట్టూ లాక్కుని వెళ్లాను. మేనేజరు గుమ్మంలోనే నిలబడి ఒక చేత్తో తలుపు పట్టుకున్నాడు. ముందు జాగ్రత్తగా తలుపు మూయించి పచ్చ బటన్ నొక్కి చూశాను. టక్కున తెరుచుకుంది. కప్పు మీద కొత్త పెట్టె పచ్చగా, నిలకడగా వెలుగుతోంది.

చలి ముక్కులోకి సూదిలా దిగింది. రెండు వైపులా గోడకి బిగించిన ఇనప అరలు, వాటి నిండా అట్టపెట్టెలు. కింది వరస నేల మీదే ఉంది. తలుపు దగ్గర ముసలాయన కూర్చున్న చోట సుద్దతో గీత గీశారు. దాన్ని దాటి వంగి చూశాను.

కింది వరసలో ఒక అట్టపెట్టెని కాలితో నెట్టాను. కదల్లేదు. చేత్తో లాగాను. నేలకి అతుక్కుపోయి ఉంది. పెట్టెల అడుగున అట్ట తడిసి ఆరినట్టు అలలు తేలింది. వాటి మధ్య నేల మీద గాజులాంటి మంచు పలక, అట్ట రంగు కలిసి కాస్త గోధుమ రంగులో ఉంది. ఫ్రీజరు కట్టేసి నీళ్లు కారాక మళ్లీ వేస్తే అడుగున అలాంటి పలకే కడుతుంది. ఆ పని చేసిన ఆడదానికెవరికైనా తెలుస్తుంది.

మనసులో అనుకోవాల్సిన మాట పైకే అనేశాను. "బావా, ఈ గది ఒకసారి కరిగింది. నీళ్లు కారి మళ్లీ గడ్డకట్టాయి."

"చలిగదన్నాక మంచు ఉంటుంది."

"పైనుంచి రాలే మంచు పొడిగా ఉంటుంది. ఇది నీళ్లు."

గుమ్మంలోంచి మేనేజరు గొంతు వినిపించింది. "మీరు చలికి ఉండలేరండి. నేను వెళ్లి కోట్లు తెస్తాను."

తలుపు దానంతటదే మెల్లగా మూసుకుంది. పోనీలే, బటన్ పనిచేస్తోందిగా అన్నాడు బావ. నేనింకా ఆ పలక గోకుతూనే ఉన్నాను. ముసలాయన కూడా ఇదే చూసి ఉంటాడు. చూసి ఎవరికో చెప్పి ఉంటాడు. ఎవరికి చెప్పి ఉంటాడా అనుకుంటూ తలెత్తాను.

కప్పు మీద పచ్చ దీపం లేదు. నీలం దీపం మినుకుమంటోంది.

"బావా, బటన్ నొక్కు."

"ఏమైంది?"

"ముందు నొక్కు."

నొక్కాడు. మళ్లీ నొక్కాడు. అరచేత్తో కొట్టాడు. తలుపు గోడలాగే నిలబడింది. తన ఫోన్ తీశాడు, సిగ్నల్ లేదు. చుట్టూ ఇనప గోడలు. పిడికిళ్లతో తలుపు బాదాడు. అంత మందం తలుపుకి అవతల, నడవాలో మిషన్ల హోరు. ఎవరికి వినపడుతుంది.

నాకు భయమేసింది. ఎన్నో చోట్లకి వెళ్లాను, ఎందరితోనో గొడవపడ్డాను, కానీ తలుపు మూసిన గదిలో గడ్డకట్టి చస్తానని ఎన్నడూ అనుకోలేదు. కాళ్ల వేళ్లు అప్పటికే నావి కానట్టున్నాయి.

"ఎవరో కొత్త ఫైలు పంపుతున్నారు," అన్నాను. "మొదటి అరలో మంచిదే ఉంది. ఇది రెండో అరలోకి వెళ్తోంది. ఇది పూర్తయి, ఇంకోసారి కూడా పంపితే మొదటి అర కూడా పోతుంది. అప్పుడు మనమూ ఆ ముసలాయన దారే."

"ఎవరు పంపుతున్నారు?"

"అది నువ్వు చెప్పు బావా. హత్య చేసిన అమ్మాయి ఎక్కడుంది?"

అతను చొక్కా జేబులో చెయ్యి పెట్టి ఆ అమ్మాయి ఫోన్ బయటికి తీసి, అదేదో కొత్త వస్తువైనట్టు చూశాడు.

"జీపులో," అన్నాడు మెల్లగా. "నా కానిస్టేబులు పక్కన."

"సంతోషం. ఇప్పుడు వంగు."

"ఏంటి?"

"మధ్యలో కరెంటు తీసేస్తే పాతదే కాపాడుతుందని ఆ పిల్ల చెప్పింది. ఆ పెట్టెకి కరెంటూ, ఫైలూ ఒకే వైరులోంచి వస్తాయి. వైరు పీకాలి. నాకు అందదు. నీకూ అందదు. ఎక్కడానికి తలుపు పక్కన ఇనప అరలు లేవు. వంగు."

ఏ మాటకా మాటే చెప్పాలి, మారు మాట్లాడకుండా వంగాడు. చెప్పులు వదిలి అతని భుజాల మీద కాళ్లు పెట్టి, గోడ పట్టుకుని లేచాను. మోకాళ్లు పటపటమన్నాయి. ఎవరివో తెలియదు. కింద నుంచి అతని మూలుగు వినిపిస్తోంది.

"ఇంత బరువున్నావేంటి?"

"నోరు మూసుకుని నిలబడు."

వైరు చల్లగా, కర్రలా బిగుసుకుపోయి ఉంది. కొంగు చుట్టుకుని లాగాను. రాలేదు. పక్కన చిన్న నాలుక ఉంది, దాన్ని నొక్కితే గానీ ఊడదు. వేళ్లకి స్పర్శ లేదు, నొక్కానో లేదో తెలియదు. నీలం దీపం నా కళ్ల ముందే మినుకుమంటోంది. పళ్లతో ఆ నాలుక పట్టుకుని నొక్కి, రెండు చేతులా లాగాను. ఊడింది. దీపం ఆరిపోయింది.

పది అంకెలు లెక్కపెట్టి మళ్లీ గుచ్చాను. ఎరుపు వచ్చింది. లేస్తోంది. ఏ అరతో లేస్తుందో దానికే తెలియాలి.

కిందికి దిగి ఇద్దరం తలుపు దగ్గర, సుద్ద గీతకి కాస్త ఎడంగా కూర్చున్నాం. అతను తన చొక్కా విప్పి ఇవ్వబోయాడు. వద్దన్నాను. ఇద్దరం చలికి దగ్గరగా జరిగాం. అంత దగ్గరగా కూర్చోవడం పదిహేనేళ్ల వయసులో మేనత్త ఇంట్లో పెళ్లి పందిట్లో కూర్చున్న తర్వాత మళ్లీ అదే.

"అవతల నుంచి మళ్లీ పంపితే?" అన్నాడు.

"మళ్లీ పీకుదాం."

"నాకు మళ్లీ మోసే ఓపిక లేదు." పళ్లు టకటకమంటున్నాయి. తర్వాత అడిగాడు. "అప్పుడు ఎందుకు వద్దన్నావు?"

ఇన్నేళ్లలో ఆ ప్రశ్న ఎన్నడూ నోరు విప్పి అడగలేదు. చావు దగ్గరికొచ్చాక మొహమాటం పోయినట్టుంది.

"నువ్వు ఎప్పుడూ తలుపు తట్టేవాడివి కాదు బావా. ఎవరింటికొచ్చినా తోసుకుని వచ్చేసేవాడివి. మాట వినకముందే తీర్పు చెప్పేవాడివి. ఆ పిల్ల విషయంలోనూ అదే చేశావు."

అతని కళ్ల నీళ్లు రెప్పల మీదే గడ్డకట్టాయి. చలికో, ఇంకెందుకో నేను అడగలేదు.

ఎరుపు పోయింది. కాసేపు ఏమీ లేదు. తర్వాత పచ్చ దీపం వెలిగి నిలబడింది. మళ్లీ నీలం వస్తుందేమోనని ఊపిరి బిగబట్టి చూశాను. రాలేదు. అవతల ఉన్నవాడు రెండోసారి ఎందుకు పంపలేదో నాకు అర్థం కాలేదు. ఆలోచించే తీరిక లేక ఇద్దరం ఒకేసారి బటన్ మీద పడ్డాం.

తలుపు తెరుచుకుంది.

నడవాలో ఎదురుగా మేనేజరు నిలబడి ఉన్నాడు. కోట్లు లేవు. రెండు చేతుల్లోనూ పిల్లాడు. నలగని చొక్కా ముందు భాగమంతా తడిసిపోయి ఉంది. బెంచీ మీద అత్తగారు టాబ్లెట్‌ని పిల్లాడి గుడ్డలో చుట్టి ఒళ్లో పెట్టుకుని కూర్చుంది.

"ఏంటమ్మా ఇంతసేపు?" అంది నాతో. "తలుపు లోంచి ఏదో దబదబా చప్పుడు. ఈయనేమో కోట్లు తెస్తానని చెప్పి, ఆ మలుపు దాకా వెళ్లి, అక్కడే నిలబడి దీన్ని గోకుతున్నాడు. లోపల వాళ్లు తలుపు కొడుతున్నారు బాబూ అంటే పలకడే. చేతుల్లో ఇది ఉన్నంతసేపూ మాట వినేలా లేడని వీణ్ణి చేతుల్లో పెట్టి, ఇది లాక్కున్నాను. ఎంతటివాడైనా పసిపిల్లాణ్ణి కింద పడేయలేడుగా. అప్పట్నుంచీ తీసుకోమంటున్నాడు. నేనెందుకు తీసుకుంటాను?"

బావ గుడ్డ విప్పాడు. తెర మీద మూడో గది పేరు, చిన్న ఇమేజ్ పేరు, పంపడం మధ్యలో తెగిపోయిందన్న మాట. మళ్లీ పంపాలా అని అడుగుతోంది. పంపినవాళ్ల పేరు దగ్గర వైఫై అమ్మాయి పేరు.

"ఆ అమ్మాయి ఇప్పుడు ఎక్కడుందనుకుంటున్నారు?" అన్నాడు బావ.

"సర్వర్ గదిలో," అన్నాడు మేనేజరు. "తన పెట్టె, తన పేరు. తనే చేసి ఉంటుంది."

"మేము గదిలోకి వెళ్లకముందు నుంచీ నా జీపులో ఉంది. ఫోన్ నా జేబులో ఉంది."

మేనేజరు గోడకి ఆనుకున్నాడు. బావ నడవా చివర నిలబడ్డ గార్డుని కేకేశాడు. "పెరట్లో జీపు దగ్గరికి వెళ్లు. ఆ అమ్మాయిని దింపి ఇక్కడికి తీసుకురమ్మని చెప్పు. నేను చెప్పానని, మర్యాదగా తీసుకురమ్మని చెప్పు."

జీపు మాట వినగానే అత్తగారు లేచి నిలబడింది. కోడల్ని అప్పటికే ఎక్కించేశారని అప్పుడే తెలిసింది ఆవిడకి. నన్నొక చూపు చూసింది. ఆ చూపు నాకు తగిందే. తర్వాత మనవణ్ణి తీసుకోవడానికి చేతులు చాచింది.

మేనేజరు ఇవ్వలేదు. గొడవపడడానికి కాదు. ఆయన కళ్లు పిల్లాడి తొడ మీద, సూది వేసిన చోట కట్టిన చిన్న గడ్డ మీద ఉన్నాయి.

"ఇది ఎక్కడ వేయించారమ్మా?" అన్నాడు.

"ఇంకెక్కడ, మీ డాక్టరమ్మ దగ్గరే. మొన్న. ఇక్కడ పనిచేసేవాళ్ల పిల్లలకి ఇక్కడేగా వేస్తారు."

ఆయన పిల్లాణ్ణి జాగ్రత్తగా, రెండు చేతులతో, నాయనమ్మ భుజం మీదికి మార్చాడు.

"మళ్లీ వేయించండి," అన్నాడు. "ఇక్కడ కాదు, వేరే చోట. చలి మిషను ఆగిపోయి రెండు రోజులు కరిగాయి ఆ టీకాలు. దానిలో ఇక మందు లేదు, నీళ్లే."

ముసలాయన ఆ మంచు పలక చూసి చెప్పింది ఈయనకే అన్నమాట. తెరిచి ఉన్న తలుపులోంచి చలి కాళ్ల మీదికి పాకుతోంది. ఆ గది నుంచి ఈ వారం ఎన్ని లారీలు వెళ్లాయో నేనింకా అడగలేదు.